పేరు ముందు ఒక అక్షరం

దక్షిణానికి నడిచిన ఇంటిపేర్లు: పదహారో భాగం

మధురలోనో, కోయంబత్తూరులోనో ఒక తెలుగింటి పిల్లవాణ్ణి బడిలో వేసేటప్పుడు రిజిస్టరులో పేరు ముందు ఒక అక్షరం రాస్తారు. అది తండ్రి పేరులో మొదటి అక్షరం. తమిళనాట అదే పద్ధతి, అదే చట్టంలాంటి అలవాటు. అదే పిల్లవాడు నెల్లూరులోనో గుంటూరులోనో పుట్టి ఉంటే ఆ అక్షరం ఇంటిపేరుదై ఉండేది. ఆ ఒక్క అక్షరం మారడంలో నాలుగైదు వందల ఏళ్ళ ప్రయాణం దాగి ఉంది. ఇంట్లో తెలుగు, వీధిలో అరవం. తెలుగు మాట నోట నిలిచింది, తెలుగు రాత చేతికి రాకుండా పోయింది. ఇంటిపేరు మాత్రం పెళ్ళి సంబంధం మాట్లాడుకునే రోజు పెద్దవాళ్ళ నోట మళ్ళీ వినబడుతుంది. కాగితం మీద కనబడదు.

గడిచిన భాగాల్లో ఆ కాగితం మీద లేని పేర్ల వెంటే నడిచాం. 1529 ప్రాంతంలో విశ్వనాథ నాయకుడి వెంట మధురకు దిగినవాళ్ళు, డెబ్బై రెండు పాళెపట్లలో స్థిరపడినవాళ్ళు, నల్లరేగడి ఎక్కడ కనబడితే అక్కడ నాగలి దించినవాళ్ళు. రేగడి సేద్యం తెలిసిన రైతులకు తిరునెల్వేలి, మధుర, కోయంబత్తూరు సీమల కరిసల్ నేల పుట్టింటి నేలలాగే ఉంది. కోవిల్‌పట్టి దగ్గర తెలుగింట పుట్టి తమిళంలో రాసిన కి. రాజనారాయణన్ ఆ వలస కథను నవలలుగా చెప్పి 1991లో సాహిత్య అకాడమీ బహుమతి అందుకున్నారు. ఆ నల్లనేల పత్తే తరువాత కోయంబత్తూరు మిల్లులకు దారి తీసింది. 1910లో జి. కుప్పుస్వామి నాయుడు మొదలుపెట్టిన లక్ష్మీ మిల్స్, పి.ఎస్.జి. కుటుంబం 1926లో పెట్టిన ధర్మసంస్థ, 1920లో పొల్లాచి నుంచి పళనికి ఒక్క బస్సుతో బయలుదేరిన జి.డి. నాయుడు, ఇవన్నీ చెప్పుకున్నాం.

ఈ భాగం ఒక ఆటగాడి గురించి. సేద్యం, కోట, మిల్లు, బస్సు అన్నీ చెప్పుకున్నాక ఆట గురించి చెప్పుకోకపోతే ఈ కథ సగమే అవుతుంది. ఒక జనం కొత్తచోట కాళ్ళూనుకుందని తెలిసేది పొలం కొన్నప్పుడు కాదు, ఇల్లు కట్టినప్పుడూ కాదు. సాయంకాలం పిల్లలు ఆడుకోవడానికి బయటికి వెళ్ళినప్పుడు, పెద్దలు తామూ ఆడవచ్చు అనుకున్నప్పుడు. ఆట తీరిక ఉన్నవాడి సొత్తు. ఆ తీరిక ఏ ఇంటికి ఎలా వచ్చిందో, ఆ ఇంటి ఆట కూడా అలాగే ఉంటుంది. కోయంబత్తూరు నాయుళ్ళ ఇళ్ళలో యంత్రాలు, పనిముట్ల షెడ్లు ఉన్నాయి, కనుక అక్కడి ఆట మోటారు పందెం అయింది. ఆ సంగతి వచ్చే భాగంలో. చెన్నపట్నంలో తెలుగువాళ్ళకు తీరిక తెచ్చింది దుబాసీతనం. కుంపిణీ దొరలకూ ఊరి వర్తకానికీ మధ్య మాట నడిపిన ఇళ్ళు అవి. దొరల మాట వచ్చినవాళ్ళకు దొరల ఆటా వచ్చింది. ఆ ఆట క్రికెట్.

అందుకే ఈ వారం మధుర, కోయంబత్తూరు విడిచి రైలెక్కి మైలాపూరు వద్ద లజ్‌లో దిగుదాం.

లజ్ హౌస్ అనే విశాలమైన తోట బంగళా పారీ కంపెనీ దుబాసీ అయిన మోదవరపు దేరా వెంకటస్వామి నాయుడిది. ఆయన తన మనవణ్ణి దత్తత తీసుకున్నాడు. ఆ మనవడు 1868లో పుట్టిన వెంకట మహీపతి నాయుడు. ఆ పూర్తి పేరుతో ఆయన్ను ఎవరూ పిలవలేదు. ఊరంతటికీ ఆయన బుచ్చిబాబు నాయుడు. కొత్త ఇంటిపేరుతో పాటు తాత ఆస్తి, గుర్రాలు, తోట, పిల్లల్ని పెంచడానికి ఉన్న ఇంగ్లీషు ఆయాలు, అన్నీ ఆయనకు దక్కాయి. ఆ ఆయాలు సాయంకాలాలు షికారుకు తీసుకువెళ్ళినప్పుడు చెపాక్ మైదానంలో దొరలు ఆడుతుంటే ఈ పిల్లవాడు చూశాడు. చూసినవాడు చూసి ఊరుకోలేదు.

చెపాక్ మైదానం మద్రాస్ క్రికెట్ క్లబ్బుది. ఆ క్లబ్బును 1846లో తెల్లవాళ్ళు పెట్టుకున్నారు. భారతీయులకు అందులో సభ్యత్వం లేదు. మ్యాచ్ ఆడటానికి పిలిచినా పెవిలియన్‌లోకి రానివ్వరు. ఈ ఒక్క దృశ్యాన్ని దగ్గరగా నిలబడి చూడండి. పొద్దున్నంతా ఎండలో దొరలతో సమానంగా బంతి విసిరి, బ్యాటు పట్టి, మధ్యాహ్నం ఆట ఆగగానే దొరలు మెట్లెక్కి పెవిలియన్‌లో బల్లల ముందు కూర్చుంటారు. అప్పటిదాకా వాళ్ళకు ఎదురుగా నిలబడి ఆడినవాళ్ళు బయట చెట్ల కింద చోటు వెతుక్కుని తెచ్చుకున్న అన్నం తింటారు. అరగంట తరువాత మళ్ళీ అందరూ ఒకే మైదానంలో. బంతికి ఆ తేడా తెలియదు, భోజనానికి తెలుసు.

బుచ్చిబాబు దాన్ని తిట్టుకుంటూ కూర్చోలేదు, అర్జీలు పెట్టి ఎదురుచూడలేదు. 1888లో, తన ఇరవయ్యో ఏట, ఎస్ప్లనేడ్ దగ్గర మైదానం సంపాదించి మద్రాస్ యునైటెడ్ క్లబ్బు స్థాపించాడు. ఇక్కడ భారతీయుడు ఆడవచ్చు, ఇక్కడ భారతీయుడు కూర్చోవచ్చు. బ్యాట్లు, ప్యాడ్లు, బంతులు తన డబ్బుతో తెప్పించాడు. కుర్రాళ్ళను వెతికి పట్టుకొచ్చి ఆడించాడు. దక్షిణాది భారతీయ క్రికెట్‌కు తండ్రి అని ఆయన్ను పిలవడం మామూలుగా వేసే దండ కాదు. జరిగింది అదే. ఆ క్లబ్బులో తయారైనవాళ్ళే తరువాత దొరల జట్టుకు ఎదురు నిలబడ్డారు.

అలా ఎదురు నిలబడే రోజు కోసం ఆయన ఎంత కష్టపడ్డాడో తలచుకుంటే మనసు బరువెక్కుతుంది. భారతీయులకూ ఐరోపావాళ్ళకూ మధ్య మద్రాసులో ఒక పెద్ద మ్యాచ్ జరగాలని ఇరుపక్షాలనూ ఒప్పించాడు. 1908 డిసెంబరులో, ఆ మ్యాచ్ ఇక కొద్ది రోజుల్లో ఉందనగా ఆయన చనిపోయాడు. నలభై ఏళ్ళు. మ్యాచ్ ఆగలేదు. అదే ప్రెసిడెన్సీ మ్యాచ్‌గా పెరిగి, ఏటేటా సంక్రాంతి నాటికి చెపాక్‌లో ఊరికంతటికీ పండుగైంది.

ఆయన పోయేనాటికి ఇంట్లో ముగ్గురు కొడుకులు. పెద్దవాడు వెంకటరామానుజులు, తరువాత బాలయ్య. మూడోవాడికి అప్పటికి పన్నెండేళ్ళు. 1896 జూన్ 16న పుట్టాడు. పేరు రామస్వామి.

అన్నలు ఇద్దరూ ఆటగాళ్ళే. స్కోరు పుస్తకాల్లో వాళ్ళ పేర్ల ముందు ‘ఎం’ ఉంటుంది. మోదవరపు. తమ్ముడి పేరు ముందు ‘సి’ ఉంటుంది. ఒకే తండ్రి కొడుకులు, రెండు అక్షరాలు. తమిళ పద్ధతి ప్రకారమైతే ముగ్గురికీ ఒకే అక్షరం రావాలి. ఇది తెలుగు పద్ధతి కనుక తేడా వచ్చింది. రామస్వామి తల్లి వైపు ఇంటికి దత్తు వెళ్ళాడు. ఆ ఇంటిపేరు కోటా. ఇంగ్లీషు రాతలో అది ‘సి’తో మొదలైంది. తండ్రికి దత్తతతో ఒక ఇంటిపేరు వచ్చింది, కొడుకుకి దత్తతతో అదే ఇంటిపేరు పోయింది. ఈ ధారావాహికలో ఇన్ని వారాలుగా మనం గుళ్ళ గోడల మీద, భూమి దస్తావేజుల్లో, పెళ్ళి మాటల్లో వెతుకుతున్న ఇంటిపేరు ఎక్కడో లండన్‌లో అచ్చయిన స్కోరు కార్డులో పదిలంగా నిలబడి ఉంది. సి. రామస్వామి. కోటా రామస్వామి.

ఆ స్కోరు కార్డుకు ఇంకో కథ ఉంది, అది ఇంగ్లండు కథ. అక్కడ కౌంటీ క్రికెట్‌లో రెండు కులాలుండేవి. డబ్బు తీసుకోకుండా ఆడేవాడు అమెచ్యూర్, జెంటిల్‌మన్. జీతానికి ఆడేవాడు ప్రొఫెషనల్, ప్లేయర్. ఇద్దరూ ఒకే జట్టులో ఆడినా బట్టలు మార్చుకునే గదులు వేరు, చాలాచోట్ల మైదానంలోకి దిగే గుమ్మాలూ వేరు. స్కోరు కార్డులో కూడా తేడా. అమెచ్యూరుకు పొడి అక్షరాలు పేరుకు ముందు, ప్రొఫెషనల్‌కు పేరు తరువాత. 1950లో లార్డ్స్‌లో ఒక కుర్ర ప్రొఫెషనల్‌ పేరుకు పొరపాటున అక్షరాలు ముందు పడ్డాయి. ఎఫ్.జె. టిట్మస్ అని అచ్చయినదాన్ని టిట్మస్ ఎఫ్.జె. అని చదువుకోవాలని మైకులో ప్రకటించారు. ఆ విభజన 1962 చివరిలో గానీ రద్దు కాలేదు. అక్షరం ఎక్కడ ఉందో చూసి మనిషి ఎక్కడ కూర్చోవాలో నిర్ణయించిన కాలం అది. చెపాక్‌లో చెట్టు కింద అన్నం తిన్నవాడికి ఈ సంగతి విడమర్చి చెప్పక్కర్లేదు.

రామస్వామి జీవితాంతం అమెచ్యూరే. ఆట ఆయనకు బతుకుతెరువు కాలేదు. చదువుకున్నాడు, ఉద్యోగం చేశాడు, ఆ రెంటి మధ్య దొరికిన ప్రతి సాయంత్రం ఏదో ఒకటి ఆడాడు. 1915-16లో, ప్రెసిడెన్సీ మ్యాచ్‌కు మొదటిసారి ఫస్ట్‌క్లాస్ హోదా వచ్చిన సీజనులో, భారతీయుల జట్టులో ఆడాడు. వయసు పంతొమ్మిది. ఎడమచేతి వాటం. బంతిని ఆపి చూద్దామనే బ్యాటింగు కాదు, కొట్టి చూద్దామనే బ్యాటింగు. తండ్రి చూడకుండానే వెళ్ళిపోయిన మ్యాచ్ అది. ఏడేళ్ళ తరువాత అదే పేరున్న పోటీలో, అదే మైదానంలో కొడుకు బ్యాటు పట్టుకుని నడిచాడు.

మొదటి ప్రపంచ యుద్ధం ముగిశాక చదువుకు కేంబ్రిడ్జి వెళ్ళాడు. అక్కడ ఆయన పేరు నిలబెట్టింది క్రికెట్ కాదు, టెన్నిస్. విశ్వవిద్యాలయం తరఫున టెన్నిస్ బ్లూ సాధించాడు. ఆ రోజుల టెన్నిస్ అంటే చెక్క రాకెట్టు, జంతువుల పేగుతో అల్లిన తంత్రులు, గడ్డి కోర్టు, తెల్లని పొడవు పంట్లాం. గడ్డి మీద బంతి తక్కువ ఎత్తుకు లేచి జారిపోతుంది. దాన్ని అందుకోవడానికి కళ్ళూ మణికట్టూ ఒకేసారి పనిచేయాలి. ఎడమచేతివాడి సర్వీసు కుడిచేతి ఆటగాళ్ళకు అలవాటు లేని పక్కకు తిరుగుతుంది. క్రికెట్‌లో ఆయనకున్న పట్టు ఇక్కడా అక్కరకొచ్చింది.

భారతదేశం డేవిస్ కప్‌లో మొదటిసారి ఆడింది 1921లో. ఆ ఏడు ఫ్రాన్సును ఓడించి అందరినీ ఆశ్చర్యపరిచారు. 1922లో రెండో ఏడు జట్టులో రామస్వామి ఉన్నాడు. ఇంగ్లండులో రుమేనియాతో పోటీ. జట్టు సహచరుడు ఫైజీతో జతకట్టి డబుల్స్ ఆడి గెలిచాడు. భారత్ అయిదుకు అయిదూ గెలిచింది. తరువాతి పోటీలో స్పెయిన్ చేతిలో ఓడారు. ఆ వేసవిలో వింబుల్డన్‌లోనూ ఆడాడు. అప్పటికి భారత క్రికెట్‌కు టెస్టు హోదా లేదు. పదేళ్ళు పట్టింది. రామస్వామి దేశం తరఫున టెన్నిస్ ఆడిన పదేళ్ళకు గానీ దేశం క్రికెట్ టెస్టు ఆడలేదు.

ఈ లెక్క ఎందుకు చెబుతున్నానంటే, రామస్వామి గురించి రాసిన ప్రతివారూ ఒక మాట అంటారు: నలభై ఏళ్ళకు టెస్టుల్లోకి వచ్చాడు, ఎంత ఆలస్యంగా వచ్చాడో అని. నాకు ఆ మాట అన్నిసార్లూ అన్యాయంగా అనిపిస్తుంది. 1915లో పంతొమ్మిదేళ్ళ కుర్రాడు ఆటకు సిద్ధంగానే ఉన్నాడు. సిద్ధంగా లేనిది మైదానం. 1928లో క్రికెట్ బోర్డు ఏర్పడింది, 1932లో లార్డ్స్‌లో మొదటి టెస్టు, 1934లో రంజీ పోటీలు మొదలయ్యాయి. ఆ ఏడు నవంబరు 4న చెపాక్‌లో మద్రాసు, మైసూరు తలపడ్డాయి. మద్రాసు ఒక్కరోజులో ఇన్నింగ్స్ తేడాతో గెలిచింది. ఏ.జి. రామ్‌సింగ్ పదకొండు వికెట్లు తీశాడు. అంటే దేశవాళీ చాంపియన్‌షిప్ పుట్టేసరికి రామస్వామికి ముప్పై ఎనిమిదేళ్ళు. ఆలస్యంగా వచ్చింది రామస్వామి కాదు.

కేంబ్రిడ్జి నుంచి తిరిగొచ్చాక ఆయన మద్రాసు ప్రభుత్వ వ్యవసాయ శాఖలో ఉద్యోగంలో చేరాడు. ఈ ఉద్యోగం మన కథకు ఎంత దగ్గరిదో చూడండి. ఆ శాఖకు ఆయువుపట్టు కోయంబత్తూరు. సైదాపేట నుంచి వ్యవసాయ కళాశాల అక్కడికి తరలింది. చెరకు పరిశోధనకు 1912లో అక్కడే కేంద్రం పెట్టారు. ఈనాటికీ ‘కో’ అన్న అక్షరాలతో మొదలయ్యే చెరకు రకాలన్నీ ఆ ఊరి పేరు మోస్తున్నవే. పత్తి రకాలు, కరిసల్ నేల పంటలు, బావి సేద్యం, అంటే మధుర, కోయంబత్తూరు తెలుగు రైతు బతుకంతా ఆ శాఖ కాగితాల మీద నడిచేది. లజ్ హౌస్ దుబాసీ వంశంలో పుట్టినవాడు చివరికి నల్లరేగడి లెక్కలు చూసే ఉద్యోగి అయ్యాడు. ప్రభుత్వోద్యోగి అయిన ఆటగాడికి సీజను అంటే సెలవు. సంక్రాంతికి ప్రెసిడెన్సీ మ్యాచ్, అప్పుడప్పుడు వచ్చే విదేశీ జట్లతో ఆట, మిగతా ఏడంతా ఫైళ్ళు. అలా ఏళ్ళు గడిచాయి.

తరువాత 1936 వచ్చింది.

ఆ ఏడు ఇంగ్లండుకు వెళ్ళిన భారత జట్టు సంగతి తెలిసినవారందరికీ గొడవలే గుర్తుంటాయి. కెప్టెన్ విజయనగరం రాజకుమారుడు పూసపాటి విజయానంద గజపతి రాజు, ఊరూవాడా పిలిచే పేరు విజ్జీ. ఆట కన్నా పలుకుబడి ఎక్కువ. మూడు టెస్టుల్లో ఆరు ఇన్నింగ్సు ఆడి 33 పరుగులు చేశాడు. పర్యటన నడుస్తుండగానే సర్ బిరుదు వచ్చింది. లాలా అమర్‌నాథ్‌ను క్రమశిక్షణ పేరుతో మొదటి టెస్టు కన్నా ముందే ఓడ ఎక్కించి వెనక్కు పంపేశారు. జట్టు రెండుగా చీలింది. ఒకవైపు కెప్టెన్, రెండోవైపు సి.కె. నాయుడు మనుషులు.

విజ్జీది విజయనగరం. సి.కె. నాయుడు నాగపూరులో స్థిరపడ్డ తెలుగింట, 1895 అక్టోబరులో పుట్టాడు. రామస్వామి మద్రాసు తెలుగింట, 1896 జూన్‌లో. అంటే విశాఖసీమ, నాగపూరు, చెన్నపట్నం, మూడు దిక్కుల తెలుగు ఇళ్ళు ఒకే డ్రెస్సింగ్ రూములో. రెండు పేర్ల ముందు ‘సి’, ఒకటి కొఠారి, ఒకటి కోటా. రెండూ ఇంటిపేర్లే. వాళ్ళు ఆ గదిలో తెలుగులో మాట్లాడుకున్నారా అన్న ప్రశ్న నన్ను ఎప్పుడూ వెంటాడుతుంది. ఇంటి దగ్గర ముగ్గురూ తెలుగు పిల్లలే.

లార్డ్స్‌లో జరిగిన మొదటి టెస్టుకు రామస్వామిని తీసుకోలేదు. రెండో టెస్టు మాంచెస్టర్‌లో, ఓల్డ్ ట్రాఫర్డ్‌లో, జులై 25న మొదలైంది. అప్పటికి ఆయనకు నలభై నిండి నెల దాటింది. ఆ పూట మైదానంలో దిగిన మిగతావాళ్ళలో చాలామంది ఆయన మొదటి ప్రెసిడెన్సీ మ్యాచ్ నాటికి పలక పట్టుకోని పిల్లలు. భారత్ మొదటి ఇన్నింగ్సులో 203కు అంతా అవుట్. రామస్వామి 40. ఇంగ్లండు 571 చేసి ఎనిమిదో వికెట్‌తో డిక్లేర్ చేసింది, హామండ్ 167. ఆ రోజు, జులై 27, ఒక్క రోజులోనే రెండు జట్లూ కలిసి 588 పరుగులు చేశాయి. టెస్టుల్లో ఒక రోజు ఆటకు అంత పరుగుల రాశి మళ్ళీ పడలేదు. ఆ రాశిలో ఇంగ్లండు వాటా ఎక్కువే గానీ, మెరుపు భారతీయులది. విజయ్ మర్చంట్, ముష్తాక్ అలీ ఒక్క వికెట్ కూడా పడకుండా 190 చేశారు. మరుసటి రోజు వాళ్ళ జోడీ 203 దగ్గర విడిపోయింది. ఆ ఇన్నింగ్సులో మర్చంట్ 114, ముష్తాక్ 112, వాళ్ళ తరువాత రామస్వామి 60. మ్యాచ్ నిలబడింది, భారత్ 390కి అయిదు వికెట్లే పోగొట్టుకుంది.

ఆ ఇద్దరి శతకాలూ మన క్రికెట్ పురాణంలో చేరిపోయాయి, చేరవలసినవే. వాటి పక్కనున్న ఆ 60ని కూడా చూడండి. వెనకబడి ఆడుతున్న ఇన్నింగ్సులో, ఇద్దరు కుర్రాళ్ళు దారి తీసిన తరువాత, ఆ దారి మూసుకుపోకుండా నిలబెట్టిన పరుగులవి. నలభై ఏళ్ళ వ్యవసాయ శాఖ ఉద్యోగి చేసిన పరుగులు.

మూడో టెస్టు ఆగస్టులో ఓవల్‌లో. హామండ్ 217. భారత్ 222కు కూలి ఫాలోఆన్ ఆడింది. రెండో ఇన్నింగ్సులో సి.కె. నాయుడు గబ్బీ ఆలెన్ బంతికి దెబ్బ తిని కూడా 81 చేశాడు. రామస్వామి 41 చేసి అవుట్ కాకుండా నిలిచాడు. ఓడిపోయిన మ్యాచే, తొమ్మిది వికెట్ల తేడాతో. అయినా ఆ ఇన్నింగ్సులో తెల్లవారి బౌలింగ్‌కు తలవంచని ఇద్దరూ నలభై ఏళ్ళవాళ్ళు, ఇద్దరూ తెలుగింటివాళ్ళు. సి.కె.కు అదే చివరి టెస్టు. రామస్వామికీ అదే.

రెండు టెస్టులు, నాలుగు ఇన్నింగ్సులు. 40, 60, 29, 41 నాటౌట్. మొత్తం 170, సగటు 56.66. ఆ పర్యటనలోనే లాంకషైర్ కౌంటీ మీద 127 నాటౌట్ కొట్టాడు. అదే ఆయన ఫస్ట్‌క్లాస్ జీవితంలో అత్యధిక స్కోరు. ఇంగ్లండు కౌంటీ బౌలర్ల మీద, ఇంగ్లండు వాతావరణంలో, తన దేశానికి వేల మైళ్ళ దూరాన. మొత్తం 53 ఫస్ట్‌క్లాస్ మ్యాచ్‌ల్లో 2,400 పరుగులు, సగటు 28.91. ఈ రెండు సగటులను పక్కపక్కన పెట్టి కొందరు ఆశ్చర్యపోతారు. చిన్న ఆటలో తక్కువ, పెద్ద ఆటలో ఎక్కువ ఎలా అని. సెలవు దొరికినప్పుడు ఆడినవాడి సగటుకూ, ఒక వేసవి అంతా ఆటే పనిగా ఆడినవాడి సగటుకూ ఉండే తేడా అది. ఒకే మనిషి, రెండు జీవితాలు. ఆయన బతుకంతా రెండోదే అయి ఉంటే ఆ లెక్కలు ఎలా ఉండేవో నేను ఊహించను. ఉన్న లెక్కే చాలు.

టెన్నిస్‌లోనూ, టెస్టు క్రికెట్‌లోనూ దేశానికి ఆడినవాడు రామస్వామి. మద్రాసులోనే ఎం.జె. గోపాలన్ హాకీలో, క్రికెట్‌లో దేశానికి ఆడాడు. ఒకే ఊరు, ఒకే కాలం, ఇద్దరు రెండేసి ఆటలవాళ్ళు. ఆ తరం మనుషులు ఆటలను వేరువేరు గదుల్లో పెట్టి తాళం వేసుకోలేదు. క్రికెట్ మైదానం పక్కనే టెన్నిస్ కోర్టు, అది ముగిస్తే ఇది. ఈరోజు ఎనిమిదేళ్ళ పిల్లవాణ్ణి ఒకే ఆట కోచింగులో చేర్చి, మిగతా ఆటల జోలికి పోనివ్వని తల్లిదండ్రులను చూస్తుంటే నాకు లజ్ హౌస్ తోట గుర్తుకొస్తుంది.

1941-42 దాకా ఫస్ట్‌క్లాస్ ఆట ఆడాడు. నలభై అయిదేళ్ళు. ఆ తరువాత ఆటను వదిలిపెట్టలేదు, ఆటే ఆయనను కొత్త పనుల్లో పెట్టింది. జట్టు ఎంపిక సంఘంలో పనిచేశాడు. 1952-53లో వెస్టిండీస్‌కు వెళ్ళిన భారత జట్టుకు మేనేజరుగా వెళ్ళాడు. భారత జట్టు ఆ దీవులకు వెళ్ళడం అదే మొదటిసారి. తన జ్ఞాపకాలను ఇంగ్లీషులో ఒక పుస్తకంగా రాశాడు, ‘రాంబ్లింగ్స్ ఆఫ్ ఎ గేమ్స్ అడిక్ట్’. ఆటల వ్యసనపరుడి కబుర్లు అని చెప్పుకోవచ్చు. తాను ఫలానా ఆటగాణ్ణి అని ఆ పేరులో చెప్పుకోలేదు గమనించండి. ఆటల పిచ్చివాణ్ణి అన్నాడు. ఆటలు అని, బహువచనంలో.

లజ్ హౌస్ కుటుంబం ఆటను వదల్లేదు. బాలయ్య కొడుకు సూర్యనారాయణ మద్రాసు తరఫున ఆడాడు. స్కోరు కార్డులో ఆయన పేరు ముందూ ‘ఎం’. తాత ఇంటిపేరు మనవడికి. బుచ్చిబాబు పేరు మీద మద్రాసులో జరిగే టోర్నమెంటు ఎన్నో తరాల కుర్రాళ్ళకు పరీక్షగా నిలిచింది. ఆ పోటీలో ఆడే అబ్బాయిల్లో బుచ్చిబాబు తెలుగువాడని ఎందరికి తెలుసో చెప్పలేను. పేరు తెలుసు, ఇంటిపేరు తెలియదు. ఇన్ని వారాలుగా మధుర వీధుల్లో, కోయంబత్తూరు పేటల్లో మనం చూస్తున్నదీ ఇదే.

వయసు పైబడ్డాక రామస్వామి అడయారులో ఉండేవాడు. 1985 అక్టోబరులో ఒక ఉదయం ఇంటి నుంచి బయటికి వెళ్ళాడు. అప్పటికి ఎనభై తొమ్మిదేళ్ళు, ఆరోగ్యం బాగాలేదు. తిరిగి రాలేదు. వెతికారు. ఫలానా క్షేత్రంలో కనబడ్డాడని కొందరన్నారు. ఇంటివాళ్ళకు నిజం దొరకలేదు. చాలాకాలం క్రికెట్ పంచాంగాల్లో ఆయన పుట్టిన తేదీ పక్కన పోయిన తేదీ లేదు. తరువాత ‘మరణించినట్టు భావిస్తున్నారు’ అని రాశారు.

పాత స్కోరు కార్డులు చూస్తూ నేను ఆ పేరు దగ్గర ప్రతిసారీ ఆగుతాను. ముందు ‘సి’, తరువాత రామస్వామి. అక్షరం పేరుకు ముందుంది కనుక ఇంగ్లండు పద్ధతి ప్రకారం ఈయన జీతం తీసుకోని ఆటగాడు. అక్షరం ఇంటిపేరుది కనుక మన పద్ధతి ప్రకారం ఈయన తెలుగింటివాడు. ఆ కార్డు అచ్చువేసిన మాంచెస్టర్ మనిషికి మొదటి సంగతే తెలిసి ఉంటుంది.

వచ్చే వారం మళ్ళీ కోయంబత్తూరు బండి ఎక్కుదాం. చెట్టిపాళయం దగ్గర ఒక మోటారు పందెపు బాట ఉంది, ‘కరి’ పేరు మీద. ఆ కరివర్ధన్ ఎవరు, పత్తి మిల్లుల ఇళ్ళ కుర్రాళ్ళు షోళవరం పాత రన్‌వే మీద కార్లు ఎందుకు తోలారు, 2005లో ఫార్ములా వన్ బాట మీద దిగిన మొదటి భారతీయుడు నారాయణ్ కార్తికేయన్ ఆ ఊరివాడే ఎందుకయ్యాడు, ఆ సంగతులు.